నాలుగో భుజం

పేపరు ఇంకా గూట్లోనే ఉంది, భీమన్న ఫోటో పక్కన. దీపం నూనె చింది దాని అంచు తడిసింది. తీసేద్దామని బసవరాజు నిన్నటినుంచి మూడుసార్లు చేయి చాపాడు. మూడుసార్లూ మహాదేవి అక్కడే ఉంది. వద్దనలేదు. ఊరికే చూసింది. ఆ చూపుకే అతని చేయి వెనక్కి వచ్చేసింది.

పేపరు వచ్చినప్పటినుంచి ఆమె మొగుడితో అన్నది ఒకే ఒక్క మాట. గడపలో కూర్చున్నాడని, "జరుగు" అంది.

ఈ రోజు మూడో రోజు. ఆమె తమ్ముడు భీమన్న మట్టి మీద పాలు పోసే రోజు. కొడుక్కి ఇష్టమని సిద్దమ్మ పొయ్యి దగ్గర ఉగ్గాని చేస్తోంది. నానిన బొరుగులను పిండుతోంది. పిండినవాటినే మళ్ళీ పిండుతోంది. పాతికేళ్ళ కొడుకు ఎండలో పోయినప్పటినుంచి ఆమె చేతులు ఏ పనినీ ఒక్కసారితో వదలడం లేదు.

వార్త పెద్దదేమీ కాదు. జిల్లా పేజీలో అడుగున, రెండు కాలాలు. "పాడె మోసిన శివశంకర్" అని శీర్షిక. ప్రత్యర్థి పార్టీ సభలో ఎండదెబ్బకు కుప్పకూలి చనిపోయిన కూలీ భీమన్న ఇంటికి అభ్యర్థి శివశంకర్ వెళ్ళారనీ, తల్లి సిద్దమ్మను ఓదార్చారనీ, చెమ్మగిల్లిన కళ్ళతో పాడె మోశారనీ అందులో ఉంది. రాసింది ఎమ్మిగనూరు విలేకరి. అంటే ఈ ఇంటి అల్లుడు బసవరాజు.

శివశంకర్ ఆ రోజు రానే లేదు.

పదకొండుకు వస్తాడన్నారు. రెండుకన్నారు. నాలుగుకన్నారు. కరెంటు పోయి వచ్చి, వచ్చి పోయి, అద్దెకు తెచ్చిన ఐసు పెట్టెలో శవం ఉంటుందా ఉండదా అని ఇంటిల్లిపాదీ దాని చప్పుడు వింటూ కూర్చున్నారు. మూడింటికి ఆటోలు వచ్చి ఊళ్ళో మగవాళ్ళను ఎక్కించుకుపోయాయి, ఎమ్మిగనూరులో అదే శివశంకర్ ఊరేగింపుకు. పొద్దు వాలేసరికి పాడె ఎత్తడానికి మిగిలింది ముగ్గురు. భీమన్న చిన్నాయన తిక్కయ్య, జతగాడు జయన్న, పక్కింటి ముసలాయన.

నాలుగోవాడుగా ఉండాల్సింది బావ బసవరాజు. బావ గోనెగండ్ల రోడ్డు మలుపులో బైకు మీద కూర్చుని, కార్ల వరుస వస్తుందేమోనని ఎదురుచూస్తున్నాడు.

నాలుగో భుజం మహాదేవి పెట్టింది. ఆడబిడ్డ పట్టకూడదని తిక్కయ్య అనబోయి, పడమటి దిక్కు చూసి, నోరు మూసుకున్నాడు.

* * *

ఈ రోజు తెల్లారి ఏడింటికే శ్రీధర్ ఫోన్ చేశాడు. శివశంకర్ తరఫున విలేకరులను చూసుకునే మనిషి. ప్రచారం మొదలైనప్పటినుంచి సార్ ఏ ఊళ్ళో ఏం చేయబోతాడో పొద్దున్నే అతనే రాసి పంపుతాడు. 'చేయబోతారు' అన్నచోట 'చేశారు' అని మార్చి సాయంత్రం ఐదుకల్లా పంపడం విలేకరుల పని. పల్లె పేజీలు ఏడింటికి మూసేస్తారు, సార్లేమో పది దాకా తిరుగుతారు, ఇంకెలా కుదురుతుంది? హారతులు పట్టిన ఆడవాళ్ళు, పూలు చల్లిన కుర్రాళ్ళు, సమస్యలు చెప్పుకున్న ముసలివాళ్ళు, అందరూ అలా పొద్దున్నే వాట్సాప్‌లో పుట్టి, సాయంత్రానికి ఎలాగో నిజమైపోతుంటారు. ఇరవై రోజుల్లో ఒక్కటీ తప్పలేదు. తప్పినా అడిగినవాళ్ళు లేరు.

ఈసారి అడిగేవాళ్ళు వస్తున్నారు.

ఆదోని చానెల్‌కు ఎవరో చెప్పారట, శివశంకర్ ఆ ఊరికి పోనేలేదని. వాళ్ళు కెమెరాతో బయల్దేరారు. అందుకే సార్ కూడా తొమ్మిదిన్నరకు వస్తున్నారు, పాలు పోస్తారు. శ్రీధర్ అంతా చెప్పి, గొంతు తగ్గించాడు.

"బసవన్నా, ఒక్క మాట. అమ్మ 'ఆ పొద్దు గూడా వచ్చినాడు' అనాల. అంతే. మీ ఇంటి మనిషే గదా, నువ్వు సెప్తే అంటాది."

ఆ ఫోన్ పెట్టేలోపే కర్నూలు నుంచి డెస్కు ఇన్‌ఛార్జి చేశాడు. ఆయన తిట్టలేదు. వార్త నిజమైతే కుటుంబం చెబుతుందన్నాడు. చెప్పకపోతే రేపటినుంచి నువ్వేమీ పంపనక్కర్లేదన్నాడు. పద్నాలుగేళ్ళు ఆ పేపరుకు రాసినవాడితో, పాలవాణ్ణి మాన్పించినంత నెమ్మదిగా అన్నాడు.

* * *

మహాదేవి పెరట్లో నీళ్ళ డ్రమ్ము దగ్గర పాలచెంబు తోముతోంది. బసవరాజు వెళ్ళి కాస్త దూరంలో నిలబడ్డాడు.

"శివశంకర్ సార్ తొమ్మిదిన్నరకి వస్తాండాడు" అన్నాడు.

ఆమె తోముతూనే ఉంది.

"చానెలోళ్ళు గూడా వస్తాండారు. ఆ పొద్దు ఆయన వచ్చినాడా లేదా అని అడుగుతారంట."

చెంబు కడిగి బండ మీద బోర్లించింది. మళ్ళీ తిప్పి చూసింది, మురికి ఎక్కడైనా మిగిలిందా అని.

"అత్త ఒక్క మాట అంటే సాలు, మాదేవీ. నా పని నిలబడ్తాది."

ఆమె లేచి నిలబడింది. రెండు రోజుల తర్వాత అతని ముఖంలోకి చూసింది. తిడుతుందనుకున్నాడు. తిట్టినా బాగుండుననుకున్నాడు.

"ఆయప్ప రాడని నీకు ఎన్నింటికి తెలిసింది?"

"యాళ చూసుకోలే."

"చూసుకున్యావు. యాళ చూడకుంటే నీకు ఊపిరి ఆడదు. ఎన్నింటికి?"

బసవరాజు పక్కనున్న గోడను గోటితో గీకాడు. "ఆరున్నరకి. శ్రీధర్ ఫోన్ చేసినాడు. పార్టీ పెద్దాయన హెలికాప్టర్ ఆదోనిలో దిగిందని కార్లన్నీ ఎప్పుడో అటు తిరిగినాయంట."

"పేజీ ఎన్నింటికి మూస్తారు?"

ఆమెకు తెలియని గంట కాదది. పదకొండేళ్ళ కాపురంలో ఏడు దాటితేగానీ ఆ ఇంట్లో కంచం పెట్టింది లేదు. ఆమెకు కాన్పు నొప్పులు వచ్చిన రోజు కూడా ఏడు దాటాకే ఆటో వచ్చింది. ఆ కాన్పులో బిడ్డ దక్కలేదు. దాని గురించి ఆమె ఏనాడూ మాట ఎత్తలేదు. ఇప్పుడూ ఎత్తలేదు. అడిగి, ఊరికే నిలబడింది.

"ఏడుకి" అన్నాడు చివరికి.

"అరగంట ఉన్నింది."

"ఉన్నింది."

"ఒక్క ఫోన్."

"తీసేయమంటే, రాకముందే ఎట్లా రాసినావని అడుగుతారు. మీటింగు అయిపోయినాక అయినా వస్తాడనుకున్యా. వస్తే వార్త నిజమైతాది గదా అనుకున్యా." ఆగి, ఇంకో మాట వెతికాడు. "వార్త పడితే అత్తకి యేదన్నా సాయం దొరుకుతాదని గూడా..."

"మా అమ్మను మధ్యలోకి తేవద్దు."

అతను తల దించుకున్నాడు.

"ఆ అరగంటలోనే మేము ఎత్తింది" అంది మహాదేవి. గొంతు పెరగలేదు. "పొద్దు మునుగుతాందని చిన్నాయన తొందర పెట్టె. నేను ఎడమ పక్క, ఎనక పట్టినా. గుట్ట దగ్గర నాకు కాలు జారె. భీముగాని తల నా పక్కకి వాలె. యాడ కింద పడ్తాడోనని..."

కొంగు సర్దుకుంది. రవిక అంచు కింద, మెడకూ భుజానికీ మధ్య, వెదురు ఒరిసిన గీత ఇంకా ఎర్రగా ఉంది. చుట్టూ నీలం తిరిగింది. బసవరాజు దాన్ని అప్పుడే మొదటిసారి చూశాడు.

"నువ్వు రాలేదని నేను బాధపడలే" అంది. "నా మొగుని జాగాలో నేను మోస్తాండా అనుకుంటి. ఆ జాగా గూడా ఆయప్పకి రాసిచ్చినావు. నన్ను యాడ పెట్టినావప్పా, నీ వార్తలో?"

అతని దగ్గర జవాబుంది. వార్తలో మహాదేవి ఉంది. చిట్టచివర, 'కుటుంబసభ్యులు, తదితరులు పాల్గొన్నారు' అన్నచోట.

* * *

వెనక తలుపు దగ్గర సిద్దమ్మ నిలబడి ఉంది. ఎంతసేపటినుంచి ఉందో వాళ్ళకు తెలియదు. ఆమెకు చదువు రాదు. కూతురి చేత ఆ వార్త నిన్న రెండుసార్లు చదివించుకుంది. రెండోసారి చదివేటప్పుడు మధ్యలో ఆపి, భీముగాని పేరు ఎక్కడుందో చూపించమని, ఆ అక్షరాల మీద వేలు పెట్టుకుని కూర్చుంది.

పేపర్లో పడినదాన్ని తీసేయడానికి వీలుకాదా అని అల్లుణ్ణి అడిగింది. కాదన్నాడు. తప్పు పడిందని మర్నాడు వేస్తారు, బొటనవేలంత జాగాలో, ఎవరూ చూడని మూల. ఆ బొటనవేలంత వేసినా రాసినవాణ్ణి తీసేస్తారు. అలాగైతే ఆ జాగాలో మాదేవి మోసిందని వేస్తారా అని అడిగింది ఆమె. అలా వేయరత్తా అన్నాడు.

అరుగు మీద బీడీ కాలుస్తున్న తిక్కయ్య అంతా విన్నాడు. విని ఊరుకునే మనిషి కాదు.

"నాకు ఆ పొద్దే అనుమానం వచ్చె, అల్లుడా. నాలుగో పక్క తేలిగ్గా ఉన్నింది. సార్ కండ్లకి కనపడకుండా మోసినాడేమో. పెద్దోళ్ళు గదా, వాళ్ళకి సాధ్యమే."

ఎవరూ నవ్వలేదు. తిక్కయ్య కూడా నవ్వలేదు. బీడీని అరుగుకేసి నలిపి, అది ఆరిపోయాక కూడా నలుపుతూనే ఉన్నాడు.

సిద్దమ్మ పొయ్యి దగ్గరికి వెళ్ళి, ఉగ్గాని ఆకులో పెట్టి మూట కట్టింది. కూతురు వెనకే వచ్చి నిలబడింది. అమ్మా, నువ్వేం చెబుతావు అని అడగలేదు. సిద్దమ్మే అంది, మూట మీదనుంచి కళ్ళెత్తకుండా.

"ఒగన్ని పోగొట్టుకుంటిని. నీ ఇంట్లో పొయ్యి గూడా ఆరిపోతే నేను చూడలేను, మాదేవీ."

మహాదేవి పాలచెంబు ఎత్తుకుని ముందు నడిచింది.

* * *

శివశంకర్ చెప్పిన వేళకే వచ్చాడు. ఈ ప్రచారం మొత్తంలో అతను చెప్పిన వేళకు వచ్చింది అదొక్కటేనని విలేకరులు తర్వాత చెప్పుకున్నారు. నాలుగు కార్లు శ్మశానం పక్కన వంక గట్టున ఆగాయి. ఎండకు ముఖం కమిలి, గొంతు పూర్తిగా బొంగురుపోయిన మనిషి కండువా తీసి కారులోనే వదిలి దిగాడు. నేరుగా సిద్దమ్మ దగ్గరికి వచ్చి ఆమె రెండు చేతులూ పట్టుకున్నాడు.

"అమ్మా, ఆ పొద్దు రావాల్నని ఎంతగానో..." అన్నాడు మెల్లగా.

శ్రీధర్ అతని మోచేతిని తాకాడు. శివశంకర్ ఆగిపోయాడు. ఒక్క క్షణం బసవరాజు వైపు చూశాడు. ఆ చూపులో కోపం లేదు. తన పేరు మీద ఏం రాశారో తనకే తెలియని మనిషి అలసట ఉంది.

మట్టి ఇంకా గట్టిపడలేదు. సిద్దమ్మ తలవైపు ఆకు పరిచి ఉగ్గాని పెట్టింది, పక్కన రెండు మిరపకాయ బజ్జీలు. శివశంకర్ వంగి చెంబుతో పాలు పోశాడు. ఫోటో తీసేవాళ్ళలో ఒకడు, ముఖం నీడలో పడిందన్నాడు. ఇంకోసారి పోశాడు. ఆకు అడ్డం వస్తోందని ఇంకొకడు దాన్ని కాలితో కాదు, పాపం చేత్తోనే, పక్కకు జరిపాడు. వాళ్ళంతా బసవరాజుకు తెలిసినవాళ్ళే, రోజూ ఒకే టీ బంకు దగ్గర నిలబడేవాళ్ళే. అతని ముఖం చూడకుండా పని చేసుకుపోతున్నారు. మూడోసారి కొంచెం ఎత్తునుంచి పోయమన్నారు.

తల్లి చేతికి చెంబు వచ్చేసరికి అందులో పాలు లేవు.

సిద్దమ్మ చెంబును మట్టి మీద వంచింది. అడుగున మిగిలిన నాలుగు చుక్కలు రాలాయి. ఆమె ఇంకా వంచి పట్టుకునే ఉంది. ఎవరో సీసాలో నీళ్ళు అందించబోయారు. వద్దన్నట్టు తలూపి, జరిపిన ఆకును మళ్ళీ తలవైపుకు తెచ్చి పెట్టింది.

ఆదోని చానెల్ అమ్మాయి తేజస్వి అంతసేపూ వెనకే ఉంది. తోపులాట తగ్గాక ముందుకు వచ్చి, సిద్దమ్మ పక్కన గొంతుక్కూర్చుంది. మైకు పెట్టేముందు, పెట్టొచ్చా అని అడిగింది.

"అమ్మా, మీ అబ్బాయిని ఎత్తుకుపోయిన పొద్దు శివశంకర్ గారు వచ్చినారా?"

సిద్దమ్మ అల్లుడి వైపు చూడలేదు. కూతురి వైపు చూడలేదు. మట్టి వైపు చూస్తూ చెప్పింది.

"వచ్చినాడు."

"పాడె మోసినారా?"

"మోసినాడు."

"ఏ పక్కన, అమ్మా?"

ఆ ప్రశ్న వస్తుందని ఎవరూ అనుకోలేదు. శ్రీధర్ చేతిలో ఫోన్ తిప్పడం ఆపాడు. సిద్దమ్మ పెదాలు కదిలాయి. అబద్ధం ఆడడం చేతకాని మనిషి. ఆ రోజు తన కళ్ళతో చూసిందే చెప్పింది.

"ఎడమ పక్క. ఎనక."

మహాదేవి చేయి దానంతట అదే భుజం మీదికి పోయింది. కొంగును మెడ చుట్టూ గట్టిగా లాక్కుంది. తేజస్వి అది చూసింది. లేచి ఆమె దగ్గరికి వచ్చింది.

"మీరు అక్క గదా. మీరూ చూసినారా?"

జవాబు కోసం కెమెరా ఆగింది. శివశంకర్ ఆగాడు. మహాదేవి కొంగు వదల్లేదు.

"మా అమ్మ సెప్పె గదా" అంది. ఖాళీ చెంబు తీసుకుని గట్టు వైపు నడిచింది.

* * *

కార్లు వెళ్ళిపోయాయి. బసవరాజు బైకు దగ్గరికి వస్తుంటే తేజస్వి అక్కడ నిలబడి ఉంది. తన ఫోన్ అతనికి చూపించింది. ఆదోని సభ. వేదిక మీద పెద్దాయన మెడలో శివశంకర్ గజమాల వేస్తున్నాడు. మూలన తేదీ, టైము. ఆరు నలభై, ఇక్కడ పాడె లేచిన వేళే.

"నేనే తీసినా, అన్నా" అంది. "సాయంత్రం ఇది వేస్తాం. దీని పక్కన ఆయమ్మ మాట వేయాల్సి వస్తాది. కొడుకు మట్టి మీద కూసోని అబద్ధం సెప్పిందని జిల్లా అంతా చూస్తాది. నాకు అట్లా వేయాలని లేదు."

"అయితే వేయొద్దమ్మా."

"వేయకుంటే ఇంకొకరు వేస్తారు. నువ్వు సెప్పు, అన్నా. కెమెరా ముందర. ఆయన రాకముందే నేనే రాసినా అని. అప్పుడు ఆయమ్మ మాట నాకు అక్కర్లేదు."

నంబరు ఉంది కదా అన్నట్టు ఫోన్ ఊపి వెళ్ళిపోయింది.

బసవరాజు బైకు తాళం తీశాడు. జేబులో ఫోన్ మోగింది. శ్రీధర్ పంపిన వార్త. ఇప్పుడు చూస్తున్నాడుగానీ, అది వచ్చింది పొద్దున ఎనిమిదీ నలభైకి. శివశంకర్ కారు దిగడానికి ముందే. ఇప్పుడు మోగింది దాని కింద గుర్తు చేస్తూ పెట్టిన మెసేజికి, 'అన్నా, పంపినావా?' అని.

వార్త చదివాడు. పాలు పోసిన శివశంకర్. కన్నీరుమున్నీరైన తల్లి. చివర్లో ఒక వాక్యం ఉంది. 'తమ్ముడి పాడె మోసి రుణం తీర్చుకున్న శివశంకర్‌కు సోదరి మహాదేవి చేతులు జోడించి కృతజ్ఞతలు తెలిపారు.'

ఈసారి ఆమె తదితరుల్లో లేదు. పేరుతోనే ఉంది.

తలెత్తేసరికి మహాదేవి ఎదురుగా నిలబడి ఉంది. అతని చేతిలోని ఫోన్ వైపు చూసింది. అడిగితే దాచలేనని, ఫోన్ ఆమె చేతికి ఇచ్చాడు. ఆమె నిదానంగా, చివరి అక్షరం దాకా చదివింది. చదివి తిరిగి ఇచ్చేసింది.

"బండెక్కు, ఇంటికి పోదాం" అన్నాడు.

"నేను ఈడ్నే ఉంటా."

"ఎన్ని దినాలు?"

మహాదేవి చెంబును ఒక చేతినుంచి ఇంకో చేతికి మార్చుకుంది. నొప్పి లేని భుజం వైపుకు.

"ఏడు దాకా చూస్తా" అంది. "నీ పేజీ ఏడుకే గదా మూసేది."

వెనక్కి తిరిగి తల్లి దగ్గరికి వెళ్ళిపోయింది. ఆకు మీద ఉగ్గానిని కాకి ఇంకా ముట్టలేదు. తిక్కయ్య కండువాతో ముఖం తుడుచుకుంటూ ఆకాశంలోకి చూస్తున్నాడు.

బసవరాజు టైము చూసుకున్నాడు. పదిన్నర. ఆ రోజు అతనికి ఉన్నది అరగంట. ఈ రోజు ఎనిమిదిన్నర గంటలున్నాయి. బైకు స్టార్టు చేయలేదు. ఫోన్ చేతిలోనే ఉంది, అందులో శ్రీధర్ వార్తా ఉంది, తేజస్వి నంబరూ ఉంది. అది మళ్ళీ మోగింది.